ఎవరూ పిలవని సాక్షిని వెతుకుదాం

టీవీ వార్తా గదుల్లో పనిచేస్తున్న మిత్రులారా, రాత్రి భోజనాల వేళ ఇంటిల్లిపాదీ కూర్చుని ఆ వార్తలు చూసే ప్రేక్షకులారా! మిమ్మల్ని విడివిడిగా పిలవడం లేదు. యుద్ధం వచ్చిన నాడు మీ ఇద్దరి బాధ్యతా ఒకటే గనుక కలిపే పిలుస్తున్నాను. యుద్ధ సమయంలో మన ముందుకు ఒక సాక్షి వస్తే, ఆ సాక్షిని ఎవరు తీసుకొచ్చారో అడుగుదాం. ఎవరూ తీసుకురాని సాక్షి ఎక్కడున్నాడో వెతుకుదాం. ఈ రెండు పనులూ సమయానికి చేయకపోతే ఏమవుతుందో ముప్పై అయిదేళ్ల కిందట ప్రపంచమంతా చూసింది. చూసి, చాలా తొందరగా మరచిపోయింది.

1990 ఆగస్టు 2న ఇరాక్ సైన్యం కువైట్‌ను ఆక్రమించింది. ఆ ఏడాది అక్టోబరు 10న వాషింగ్టన్‌లో, అమెరికా కాంగ్రెస్ సభ్యుల మానవ హక్కుల బృందం ముందు పదిహేనేళ్ల కువైట్ అమ్మాయి వచ్చి కూర్చుంది. పేరు నయీరా అని మాత్రమే చెప్పారు. పూర్తి పేరు బయటపెడితే కువైట్‌లో ఉండిపోయిన ఆమె కుటుంబానికి ముప్పు అన్నారు. తాను అల్ అదాన్ ఆస్పత్రిలో స్వచ్ఛందంగా పనిచేశానని, ఇరాక్ సైనికులు తుపాకులతో లోపలికి వచ్చారని, నెలలు నిండని పసికందులను ఇంక్యుబేటర్లలోంచి తీసి, ఆ యంత్రాలను పట్టుకుపోయారని, పిల్లలను చల్లటి నేల మీద చావడానికి వదిలేశారని ఆ అమ్మాయి ఏడుస్తూ చెప్పింది. మన ఊళ్లలో అలాంటి బిడ్డను ‘బాక్సులో పెట్టారు’ అంటాం. ఆ అద్దాల పెట్టె బయట రాత్రంతా కూర్చున్న తల్లికీ, అమ్మమ్మకీ ఈ మాట వింటే కడుపు తరుక్కుపోతుంది. అమెరికాలోనూ అంతే జరిగింది.

ఆ గదిలో తీసిన దృశ్యాలు అదే రాత్రి ఎన్‌బీసీ వార్తల్లో వచ్చాయి. తర్వాత దేశంలోని వందలాది స్టేషన్లకు చేరాయి. అధ్యక్షుడు జార్జ్ బుష్ సీనియర్ తన ప్రసంగాల్లో ఇంక్యుబేటర్ల సంగతిని పదే పదే ప్రస్తావించారు. 300కు పైగా శిశువులు అలా చనిపోయారని ఆమ్నెస్టీ ఇంటర్నేషనల్ డిసెంబరులో నివేదిక ఇవ్వడంతో కథకు అధికార ముద్ర కూడా పడింది. 1991 జనవరి 12న యుద్ధానికి అనుమతిపై సెనేట్‌లో ఓటింగ్ జరిగింది. చర్చలో పలువురు సెనేటర్లు ఆ పసికందులను తలచుకున్నారు. తీర్మానం 52-47తో నెగ్గింది. ముగ్గురు అటునుంచి ఇటు మారి ఉంటే వీగిపోయేది. అయిదు రోజుల తర్వాత బాగ్దాద్ మీద బాంబులు పడ్డాయి.

ఆ అమ్మాయి ఎవరు? అమెరికాలో కువైట్ రాయబారిగా ఉన్న సౌద్ నాసిర్ అల్ సబా కూతురు. ఆమె సాక్ష్యం చెబుతున్నప్పుడు తండ్రి ఆ గదిలోనే ఉన్నారు. రాజకుటుంబపు బిడ్డ. ఈ సంగతి అమెరికా ప్రజలకు ఎప్పుడు తెలిసింది? 1992 జనవరిలో. యుద్ధం ముగిసి పది నెలలు దాటాక.

‘నిజం నిలకడ మీద తెలుస్తుంది’ అని మన పెద్దలు ఎంతో ఓర్పుతో చెప్పారు. పొలం గట్టు తగాదాలో, అన్నదమ్ముల పంపకాల్లో ఆ ఓర్పు పనికొస్తుంది. యుద్ధంలో నిలకడ వచ్చేసరికి ఓట్లు పడిపోయి ఉంటాయి, వంతెనలు కూలిపోయి ఉంటాయి, ఎవరి పిల్లలో మట్టిలో కలిసిపోయి ఉంటారు. అందుకే యుద్ధకాలంలో నిజాన్ని నిలకడకు వదిలేసే హక్కు వార్తలు చెప్పేవాడికి లేదు.

ఇప్పుడు ఆ సాక్షిని తీసుకొచ్చిన చేతులను చూడండి. ‘సిటిజన్స్ ఫర్ ఎ ఫ్రీ కువైట్’ అనే సంఘం ఒకటి ఆక్రమణ తర్వాత పుట్టింది. పేరు వింటే సొంతూరి కోసం చందాలు వేసుకున్న సామాన్యుల సంఘం అనిపిస్తుంది. దానికి వచ్చిన సొమ్ములో దాదాపు కోటీ 20 లక్షల డాలర్లు కువైట్ ప్రభుత్వానివి. విడి మనుషులు ఇచ్చింది అంతా కలిపి 18 వేల డాలర్లు కూడా లేదు. ఆ సంఘం హిల్ అండ్ నోల్టన్ అనే పీఆర్ సంస్థను పెట్టుకుంది. అప్పట్లో ప్రపంచంలోని అతి పెద్ద పీఆర్ సంస్థల్లో అది ఒకటి. దాని వాషింగ్టన్ కార్యాలయం అధిపతి క్రెయిగ్ ఫుల్లర్, బుష్ ఉపాధ్యక్షుడిగా ఉన్నప్పుడు ఆయన దగ్గర ముఖ్య అధికారిగా పనిచేసిన మనిషి. సంస్థకు ముట్టింది కోటి డాలర్లకు పైగా. ఏ మాట చెబితే అమెరికన్ల మనసు కరుగుతుందో, ఏ మాటకు కోపం వస్తుందో తెలుసుకోవడానికి సర్వేలు చేయించారు. నయీరా సాక్ష్యానికి తయారీ అక్కడే జరిగింది. ఆ రోజు గదిలో సంస్థ సొంత కెమెరా తిరిగింది. ఆ దృశ్యాలను వార్తా కథనం రూపంలో ఎడిట్ చేసి, సుమారు 700 టీవీ స్టేషన్లకు అందేలా పంపారు. స్టేషన్లకు ఖర్చు లేదు, శ్రమ లేదు. కార్యక్రమం మధ్యలో అతికించుకుంటే సరిపోతుంది. ఇంట్లో కూర్చుని చూసినవాడికి అది తన ఛానల్ రిపోర్టర్ తెచ్చిన వార్తలాగే కనిపించింది.

ఇంకో ముడి ఉంది. ఆ రోజు సాక్ష్యం విన్న బృందం కాంగ్రెస్ అధికారిక కమిటీ కాదు. కొందరు సభ్యులు కలిసి ఏర్పాటు చేసుకున్న వేదిక. టామ్ లాంటోస్, జాన్ పోర్టర్ దానికి ఉమ్మడి అధ్యక్షులు. అక్కడ ప్రమాణం చేయించరు. అబద్ధం చెబితే శిక్ష లేదు. ఆ ఇద్దరూ నడిపిన ఫౌండేషన్ కార్యాలయం వాషింగ్టన్‌లో హిల్ అండ్ నోల్టన్ ఆవరణలోనే ఉండేది. పైగా దానికి కువైట్ సంఘం నుంచి 50 వేల డాలర్ల విరాళం కూడా అందింది. టీవీ తెర మీద మాత్రం కనిపించింది కాంగ్రెస్ భవనపు గాంభీర్యం, ఎత్తయిన బల్ల, బరువైన కుర్చీలు, మైకు ముందు ఏడుస్తున్న బిడ్డ. ఏది ప్రమాణ సాక్ష్యమో, ఏది కాదో విడదీసి చెప్పాల్సింది ఎవరు? ఆ తేడా తెలిసిన విలేకరులు. వాళ్లు అక్కడే ఉన్నారు. అడగలేదు.

1990 నవంబరు 27న ఐక్యరాజ్యసమితి భద్రతా మండలిలో ఇదే కథ ఇంకా పెద్ద ఎత్తున నడిచింది. పిల్లలను తన చేతుల మీదుగా పూడ్చిపెట్టించానని ఒక వైద్యుడు చెప్పాడు. శస్త్రవైద్యుడిగా పరిచయం చేసిన ఆ వ్యక్తి దంతవైద్యుడని, చెప్పుకున్న పేరు అతనిది కాదని యుద్ధం తర్వాత తేలింది. ఆ సమావేశం జరిగిన రెండు రోజులకే బలప్రయోగానికి అనుమతిస్తూ మండలి 678వ తీర్మానం ఆమోదించింది.

ఇక ఈ ముడి విప్పినవాళ్ల సంగతి. నేను మీ ముందు నిలబెట్టాలనుకున్న మనుషులు వీళ్లే. ఏబీసీ టీవీ విలేకరి జాన్ మార్టిన్ 1991 మార్చిలో, కువైట్ విముక్తి అయిన కొద్ది రోజులకే, నేరుగా అక్కడి ఆస్పత్రులకు వెళ్లాడు. చేసిన పని చూస్తే చాలా మామూలుది. అక్కడి వైద్యులను కలిసి, జరిగింది ఏమిటని అడిగాడు. ప్రసూతి ఆస్పత్రిలో బాధ్యత గల వైద్యురాలు, ప్రాథమిక ఆరోగ్య విభాగం చూసే ఆమె భర్త, ఇద్దరూ ఆ కథ నిజం కాదన్నారు. పిల్లలు చనిపోయారు, నిజమే. ఆక్రమణ భయంతో నర్సులు, వైద్యులు వెళ్లిపోవడంతో చూసుకునేవాళ్లు లేక చనిపోయారు. ఆమ్నెస్టీ కూడా తన మనుషులను పంపి విచారించింది. ఇంక్యుబేటర్ల నుంచి తీసి చంపారనడానికి నమ్మదగిన ఆధారం దొరకలేదని 1991 ఏప్రిల్‌లో ఒప్పుకుంది. అలా ఒప్పుకోవడానికి గుండె ఉండాలి. మన పత్రికలూ ఛానళ్లూ ఆ పాటి గుండె తెచ్చుకోవాలని కోరుతున్నాను.

తర్వాత హార్పర్స్ పత్రిక ప్రచురణకర్త జాన్ మెకార్థర్ ఆ అమ్మాయి ఎవరో కనిపెట్టి 1992 జనవరి 6న న్యూయార్క్ టైమ్స్‌లో రాశాడు. కెనడా ప్రభుత్వ ప్రసార సంస్థ సీబీసీ, ‘ద ఫిఫ్త్ ఎస్టేట్’ అనే తన పరిశోధనా కార్యక్రమంలో ‘టు సెల్ ఎ వార్’ పేరుతో ఈ అల్లికనంతా పోగు పోగుగా విప్పి చూపింది. డబ్బు ఎక్కడ మొదలైంది, ఎవరి చేతులు మారింది, ఏ గదిలో ఏ కెమెరా పెట్టారు, ఆ టేపు ఎటు వెళ్లింది అన్న క్రమంలో కథను మళ్లీ చెప్పింది. మన ఛానళ్లలో పరిశోధన అంటే రహస్య కెమెరా, అర్ధరాత్రి దాడి, తెర మీద ఎర్ర వలయాలు అనుకునే అలవాటు బలంగా ఉంది. సీబీసీ వాళ్లకు కాగితాలు, తేదీలు, పేర్లు చాలా వరకు సరిపోయాయి. అమెరికాలో విదేశీ ప్రభుత్వాల తరఫున పనిచేసే సంస్థలు తమ లెక్కలను న్యాయశాఖకు చూపాలని చట్టం ఉంది. ఆ లెక్కలు ఎవరైనా చూడొచ్చు. యుద్ధానికి ముందూ చూడొచ్చు. చూసే ఓపిక ఉన్నవాళ్లు ఆలస్యంగా వచ్చారు.

ఆ అమ్మాయి మీద కోపం పెంచుకోకండి. పదిహేనేళ్ల పిల్ల. దేశం పోయిన దుఃఖంలో ఉంది. ఆమెను మైకు ముందు కూర్చోబెట్టింది పెద్దవాళ్లు. తర్వాత కువైట్ ప్రభుత్వమే నియమించిన క్రోల్ అనే దర్యాప్తు సంస్థతో తాను ఆ ఆస్పత్రికి వెళ్లింది కొద్దిసేపేనని ఆమె చెప్పింది. నిలదీయాల్సింది ఆమెను నడిపించిన యంత్రాంగాన్ని, ప్రశ్న అడగకుండా కెమెరా తిప్పిన పెద్ద పెద్ద సంస్థలను.

ఇక్కడ ఒక ప్రమాదం గురించి గట్టిగా చెప్పాలి. ఈ కథ విన్న చాలామంది వెంటనే ‘అయితే ఇరాక్ ఏమీ చేయలేదన్నమాట, అంతా కట్టుకథ’ అంటారు. అది ఇంకో అబద్ధం. ఇరాక్ సైన్యం కువైట్‌లో చంపింది, హింసించింది, దోచుకుంది. ఆరు వందల మందికి పైగా మనుషులను పట్టుకుపోతే వాళ్ల ఆచూకీ కోసం కుటుంబాలు దశాబ్దాల పాటు ఎదురుచూశాయి. ఎవరూ తయారు చేయనక్కరలేని ఆ నిజమైన బాధ మీదికి తెచ్చిపెట్టిన కథను ఎక్కించారు. ఆ కథ కూలినప్పుడు నిజమైన బాధితుల మాట కూడా దాని కింద పడి నలిగింది. ఆ తర్వాత ఏ యుద్ధంలో ఏ తల్లి ‘నా బిడ్డను చంపారు’ అని ఏడ్చినా, ‘ఇదీ అలాంటిదేనేమో’ అనే గొంతు లేస్తోంది. ప్రచారాన్ని బయటపెట్టడం శత్రువుకు సాయం చేయడమని అనేవాళ్లున్నారు. వాళ్లకు ఇదే నా జవాబు: నిజంగా నష్టపోయినవాడి మాట చెల్లుబాటు కావాలంటే, దొంగ సాక్షిని పక్కన కూర్చోనివ్వకూడదు. అన్నీ నమ్మడం ఎంత బద్ధకమో, ఏదీ నమ్మకపోవడం అంతే బద్ధకం. మన పని ఆ రెంటికీ మధ్య, కష్టమైన చోట ఉంది.

ఈ కథలో మనవాళ్లున్నారు. ఆక్రమణ నాటికి కువైట్‌లో భారతీయులు సుమారు 1,70,000 మంది. కడప, రాజంపేట, రాయచోటి వైపు నుంచి, గోదావరి జిల్లాల నుంచి వెళ్లి ఇళ్లలో, డ్రైవింగులో, కట్టడాల పనుల్లో బతుకుతున్న తెలుగువాళ్లు వాళ్లలో ఉన్నారు. ఆస్పత్రుల్లో మన దేశపు నర్సులున్నారు. ఆగస్టు మధ్యలో మొదలుపెట్టి ఎయిరిండియా ఈ భారతీయులను జోర్డాన్‌లోని అమ్మాన్ నుంచి బొంబాయికి తరలించింది. దాదాపు 500 విమానాలు తిరిగాయి. ప్రపంచ చరిత్రలోనే అంతటి పౌర తరలింపు అరుదు. ఆ పని ముగిసింది ఎప్పుడో తెలుసా? అక్టోబరులో. అంటే వాషింగ్టన్‌లో ఆ అమ్మాయి మైకు ముందు కూర్చునే నాటికి, ఆక్రమణలో ఉన్న కువైట్‌ను కళ్లారా చూసి, బస్సుల్లో బాగ్దాద్ మీదుగా ఎడారి దాటి, గుడారాల్లో పడుకుని ఇల్లు చేరినవాళ్లు లక్షకు పైగా ఉన్నారు. అందరికీ ఆ ఆస్పత్రి సంగతి తెలుసని అనను. తెలిసినవాళ్లు కొందరైనా ఉండేవాళ్లు. సెనేట్ చర్చలో గానీ, అమెరికా టీవీలో గానీ వాళ్ల మాటకు చోటు దొరకలేదు. వాళ్ల తరఫున ఏ పీఆర్ సంస్థా లేదు. గల్ఫ్ కూలీ మాటకు మన పత్రికల్లో మాత్రం ఎంత విలువ దక్కింది? ప్రయాణపు కష్టాలు రాశాం, విమానాశ్రయంలో కన్నీళ్లు చూపించాం. అక్కడేం చూశారని ఎంతమందిని కూర్చోబెట్టి అడిగాం?

యుద్ధ ప్రచారాన్ని బయటపెట్టే పని చేసిన టీవీ సంస్థలకు అది తేలిగ్గా సాగలేదు. 1971 ఫిబ్రవరి 23న సీబీఎస్ ‘ద సెల్లింగ్ ఆఫ్ ద పెంటగాన్’ అనే కార్యక్రమం ప్రసారం చేసింది. వియత్నాం యుద్ధం సాగుతూనే ఉంది. యుద్ధాన్ని ప్రజలకు నచ్చచెప్పడానికి రక్షణశాఖ ఆ ప్రజల పన్నుల డబ్బునే ఎలా ఖర్చు చేస్తోందో అందులో చూపారు. ఊరూరా తిరిగి ఉపన్యాసాలిచ్చే సైనికాధికారులు, సినిమాలు, ఆయుధ ప్రదర్శనలు, ఆ ప్రదర్శన ముగిశాక తుపాకులెక్కి ఆడుకునే పిల్లలు. ఉపాధ్యక్షుడు స్పైరో ఆగ్న్యూ మండిపడ్డారు. కాంగ్రెస్ కమిటీ ఒకటి, ప్రసారం కాని ఫుటేజ్ కూడా అప్పగించమని సీబీఎస్‌కు సమన్లు పంపింది. సంస్థ అధ్యక్షుడు ఫ్రాంక్ స్టాంటన్ ఇవ్వనన్నారు. ధిక్కార నేరం మోపి జైలుకు పంపగలరని తెలిసీ ఇవ్వనన్నారు. 1971 జులై 13న ప్రతినిధుల సభ ఆ ధిక్కార తీర్మానాన్ని 226-181తో వెనక్కి పంపింది. రిపోర్టర్ ధైర్యం గురించి మనం ఎప్పుడూ మాట్లాడుకుంటాం. యజమాని ధైర్యం లేకపోతే రిపోర్టర్ ధైర్యం ఒక రోజు వార్తతో ఆగిపోతుంది. ఛానళ్ల యజమానులకు ఈ సంగతి ప్రత్యేకంగా గుర్తు చేస్తున్నాను. మీ ఇంట్లో పెళ్లికి మంత్రులు రావచ్చు, మీ వ్యాపారాలకు అనుమతులు కావాల్సి ఉండవచ్చు. ఒత్తిడి వచ్చిన రోజున మీ రిపోర్టర్ వెనక నిలబడతారా లేదా అన్నది ముందే తేల్చుకోండి.

ఆ కార్యక్రమంలో ఒక లోపం కూడా ఉంది, దాన్ని దాచి మీకు చెప్పను. ఒక అధికారి ఇచ్చిన జవాబుల వరుస మార్చి, ఒక ప్రశ్నకు చెప్పిన మాటను మరో ప్రశ్న కింద అతికించారు. విమర్శకులు దాన్నే పట్టుకున్నారు. అసలు ఆరోపణ నిజమే అయినా ఎడిటింగ్ బల్ల మీద చేసిన ఆ పని వల్ల చర్చ పక్కదారి పట్టింది. ఎదుటివాడు వక్రీకరించాడని నిరూపించబోయేవాడి కత్తెర ఎంత శుభ్రంగా ఉండాలో ఎడిటర్లు ఆలోచించాలి. మన దగ్గర ఒక నాయకుడి బైట్‌లో సగం వాక్యం కోసి స్క్రోలింగ్ వేయడం రోజూ జరిగే పని. ఆ అలవాటుతో యుద్ధ ప్రచారాన్ని ఎదుర్కోలేం.

2003 ఇరాక్ యుద్ధంలో ఇలాంటిదే మళ్లీ జరిగింది. నాసిరియా దగ్గర గాయపడి పట్టుబడిన పందొమ్మిదేళ్ల అమెరికా సైనికురాలు జెస్సికా లించ్, చివరి తూటా దాకా పోరాడిందని కథలు వచ్చాయి. ఆమెను రాత్రివేళ ఆస్పత్రి నుంచి విడిపించిన దృశ్యాలను సైన్యమే చిత్రీకరించి విడుదల చేసింది. బీబీసీ అదే ఆస్పత్రికి వెళ్లి వైద్యులను అడిగితే, ఇరాక్ సైనికులు అంతకు ముందే వెళ్లిపోయారని చెప్పారు. తాను ఒక్క తూటా కూడా పేల్చలేదని, తనను వీరవనితగా చూపే అవసరం ఎందుకొచ్చిందో అర్థం కాలేదని లించ్ 2007లో కాంగ్రెస్ కమిటీ ముందు తానే చెప్పింది. ప్రచారం ఎవరిని కీర్తించిందో ఆ మనిషే లేచి కాదంది. ఇంతకంటే గొప్ప సాక్ష్యం ఏముంటుంది?

2008లో న్యూయార్క్ టైమ్స్ విలేకరి డేవిడ్ బార్‌స్టో ఇంకో పొర విప్పాడు. టీవీ చర్చల్లో స్వతంత్ర విశ్లేషకులుగా కూర్చున్న రిటైర్డ్ జనరళ్లకు పెంటగాన్ లోపల్లోపల మాటలు నేర్పి పంపేదని, వాళ్లలో చాలామందికి ఆయుధ వ్యాపార సంస్థలతో సంబంధాలున్నాయని పత్రాలతో రుజువు చేశాడు. దానికి మరుసటి ఏడాది పులిట్జర్ బహుమతి వచ్చింది. ఆ జనరళ్లను కూర్చోబెట్టిన ఛానళ్లు మాత్రం చాలావరకు ఆ వార్తే వేయలేదు. ఈ మాట మన చర్చావేదికలకూ వర్తిస్తుంది. డిబేట్‌లో కూర్చున్న మాజీ అధికారి ఇప్పుడు ఏ సంస్థ బోర్డులో ఉన్నారో, ఎవరి సలహాదారుగా జీతం తీసుకుంటున్నారో పేరు కింద ఒక వరుసలో వేయడానికి ఎంత చోటు కావాలి?

ఇక మన ఇంటికి వద్దాం. పాకిస్తాన్‌తో ఘర్షణ సాగుతున్న 2025 మే 8 రాత్రి గుర్తుందా? మన నౌకాదళం కరాచీ రేవును ధ్వంసం చేసిందని దేశంలోని పలు ఛానళ్లు ఊదరగొట్టాయి. తెల్లారేసరికి అదేదీ జరగలేదని తేలింది. సరిహద్దులో పాకిస్తాన్ గుండ్లకు బలైపోయిన ఒక ఉపాధ్యాయుణ్ని కొన్ని ఛానళ్లు ఉగ్రవాదిగా చూపించాయి. అది తప్పని పోలీసులు ప్రకటన ఇవ్వాల్సి వచ్చింది. చనిపోయిన మనిషి ఇంట్లో ఆ టీవీ చూసినవాళ్లను ఒక్క నిమిషం తలచుకోండి. స్టూడియోల్లో వైమానిక దాడి సైరన్ మోగించడం ఆపమని కేంద్ర హోంశాఖ విభాగమే ఛానళ్లకు సూచన ఇవ్వాల్సి వచ్చింది. నిజంగా సైరన్ మోగిన రోజు జనం టీవీ చప్పుడు అనుకుంటే ఏమవుతుందన్న ఆలోచన ఆ సైరన్ వేసినవాళ్లకు రాలేదు. ఏదో యుద్ధ వీడియో గేమ్ దృశ్యాలను విమానాల పోరాటంగా చూపడం ఉక్రెయిన్ యుద్ధం నుంచీ మామూలైపోయింది. 1990లో ఒక అబద్ధాన్ని దేశానికి చేర్చడానికి కోటి డాలర్లు, సర్వే నిపుణులు, కెమెరా బృందం కావాల్సి వచ్చింది. ఈ రోజు ఫోన్ చాలు. ఎవరూ డబ్బివ్వకుండానే, పక్క ఛానల్ కంటే ముందుండాలన్న ఆత్రంతోనే ఆ పని మనం చేసేస్తున్నాం. ఇది నన్ను నిద్రపోనివ్వదు.

దేశభక్తి పేరు మీద ఈ ప్రశ్నలను పక్కన పెట్టమని మీకు చెబుతారు. సరిహద్దులో నిలబడ్డ జవాను మన మండలం వాడు, మన వీధి వాడు. అతని ప్రాణం మీద ఆధారపడిన నిర్ణయం నిజం మీద నిలబడాలని కోరడమే అతని పట్ల మనకున్న మొదటి బాధ్యత. సైన్యం కదలికలు చూపించకూడదన్న నిబంధన సరైనదే, దాన్ని పాటించాలి. రహస్యం దాచడం ఒకటి, జరగనిదాన్ని జరిగిందని చెప్పడం మరొకటి. మొదటిది దేశం కోరుతుంది. రెండోదాన్ని ఏ జవానూ మన నుంచి కోరలేదు.

కాబట్టి డెస్కులో కూర్చున్న మిత్రులారా, యుద్ధం మాట వినపడిన రోజే కొన్ని పనులు కలిసి మొదలుపెట్టండి. బయటి నుంచి వచ్చిన ప్రతి దృశ్యం మీద ‘ఇది ఫలానా వారు ఇచ్చింది’ అని, అది తెర మీద ఉన్నంతసేపూ వేయండి. ప్రభుత్వం ఇచ్చినా, సైన్యం ఇచ్చినా, ఏదో సంఘం ఇచ్చినా ఒకటే పద్ధతి. పాత దృశ్యమైతే తేదీ వేయండి. సాక్షి పేరు దాచాల్సి వస్తే, ఎందుకు దాచారో, ఎవరు దాచమన్నారో చెప్పండి. ఆ సాక్షి ఎవరి ద్వారా మీకు దొరికాడో మీ ఎడిటర్‌కైనా తెలిసి ఉండాలి. ఈ పని ఒక్క ఛానల్ చేస్తే వెనకబడిపోతానని భయపడుతుంది. ఆ భయం నిజమైనదే. అందుకే ఇది అందరూ కలిసి చేయాల్సిన పని. హైదరాబాద్‌లో, విజయవాడలో ఉన్న జర్నలిస్టు సంఘాలు జీతాల కోసం, అక్రెడిటేషన్ కార్డుల కోసం ఏకమవుతాయి, ఆ పోరాటం న్యాయమైనది. అదే ఐక్యతతో ‘ధ్రువపడని యుద్ధ వార్త వేయమని ఒత్తిడి చేస్తే ఏ ఉద్యోగీ వేయనక్కరలేదు, కాదన్నవాడి ఉద్యోగం పోతే మేమంతా నిలబడతాం’ అని ఒక్క తీర్మానం చేయండి. మండలాల్లో పనిచేసే స్ట్రింగర్ల చేతిలో ఉన్న బలం కూడా చిన్నదేమీ కాదు. చనిపోయిన జవాను ఇంటికి మొదట వెళ్లేది వాళ్లే. ఆ ఇంటివాళ్లు చెప్పిన మాటను యథాతథంగా పంపండి, డెస్కు కోరిన మాటను వాళ్ల నోట పెట్టకండి. తప్పు వేసినప్పుడు, ఏ బులెటిన్‌లో వేశామో అదే బులెటిన్‌లో, అంతే సేపు దిద్దుబాటు వేయండి.

ప్రేక్షకులారా, మీ చేతిలోని రిమోట్ చిన్నదనుకోవద్దు. 700 స్టేషన్లకు టేపు పంపినవాళ్ల నమ్మకమంతా మీలాంటివాళ్ల మీదే, మీరు అడగరనే. అడగండి. తప్పు చెప్పిన ఛానల్‌కు ఉత్తరం రాయండి. ప్రసారాలపై ఫిర్యాదుకు చట్టం ఒక దారి ఏర్పాటు చేసింది, ముందు ఛానల్‌కు, తర్వాత వాళ్ల స్వీయ నియంత్రణ సంస్థకు వెళ్లవచ్చు. కుటుంబం గ్రూపులో వచ్చిన యుద్ధ వీడియోను ముందుకు పంపేముందు, ‘ఇది ఎక్కడిది బాబాయ్, ఎవరు తీశారు?’ అని ఒక్క మాట అడగండి. పెద్దవాళ్లు నొచ్చుకుంటారని వెనకాడకండి. గౌరవంగా అడిగితే నొచ్చుకోరు. అమెరికాలో, గల్ఫ్‌లో ఉన్న మన పిల్లలు కూడా అదే గ్రూపుల్లో ఉన్నారు, అక్కడి ఛానళ్లు ఏం చెబుతున్నాయో పోల్చి చెప్పమని వాళ్లనూ అడగండి.

మరో పని ఉంది, అది వాయిదాకు లొంగదు. 1990లో కువైట్ నుంచి వచ్చినవాళ్లు ఇప్పుడు అరవైలు, డెబ్భైలు దాటారు. రాజంపేట బస్టాండు పక్కన దుకాణంలో ఉండవచ్చు, కోనసీమలో మనవల్ని ఎత్తుకుని ఉండవచ్చు. జర్నలిజం చదువుతున్న విద్యార్థులారా, ఈ సెలవుల్లో ఒక్కొక్కరు ఒక్కో ఊరు పంచుకుని వాళ్ల దగ్గరకు వెళ్లండి. కళ్లారా చూసింది ఏమిటి, ఎక్కడ నిలబడి చూశారు, వేరేవాళ్లు చెప్పగా విన్నది ఏది అని విడివిడిగా అడగండి. మధ్యలో అడ్డురాకండి, మీకు కావాల్సిన జవాబు వైపు నెట్టకండి. ఇరాక్ సైనికులు చేసిన దుర్మార్గం చెబితే అదీ రికార్డు చేయండి, ఆదుకున్న ఇరాకీల గురించి చెబితే అదీ రికార్డు చేయండి. ఆ ఫుటేజ్‌ను ఒక్క సెకను కూడా కోయకుండా, తేదీ, ఊరు రాసి, మీ విశ్వవిద్యాలయ గ్రంథాలయంలో ఎవరైనా అడిగి చూడగలిగేలా భద్రపరచండి.